సరిహద్దు ఊరి బంతిమైదానం

ఐర్లండు దేశపటంలో క్రాస్‌మగ్లెన్ అనే ఊరిని వెదకి పట్టుకొనటానికి కొంత ఓపిక కావాలి. ఉత్తర ఐర్లండులోని ఆర్మా కౌంటీకి దక్షిణపు కొసన, సరిహద్దుగీతకు కొద్ది మైళ్ళలోనే ఉన్నదా ఊరు. 2011 జనాభా లెక్కలలో అక్కడ తేలినవారు 1,600 మంది చిల్లర. ఊరి నడుమ విశాలమైన చదుకము, చుట్టూ అంగళ్ళు, పానశాలలు, దాపున పోలీసు ఠాణా, ఠాణాను ఆనుకొని ఒక బంతిమైదానం. మన వైపునైతే ఒక మోస్తరు పల్లె అనిపించుకొనే ఈ చోటు రెండు కారణాల వల్ల దేశదేశాల పత్రికలకెక్కినది. బ్రిటిషు సైనికులు బండి మీద రావటానికి జంకి, ఆకాశమార్గాన దిగవలసివచ్చిన ఊరు అన్నది ఒకటి. అఖిల ఐర్లండు క్లబ్బుల ఫుట్‌బాల్ పోటీని ఆరుసార్లు గెలిచిన ఊరు అన్నది రెండవది. ఈ రెండు ఖ్యాతులూ ఒకే మైదానం మీద ఒకదానినొకటి ఒరుసుకొన్నవి. ఆ మైదానం ఎవరిది అన్న ప్రశ్నకు జవాబు దొరకటానికి పాతికేళ్ళకు పైగా పట్టినది.

ఫుట్‌బాల్ అనగానే మనకు స్ఫురించే ఆట కాదిది. దీనిని గేలిక్ ఫుట్‌బాల్ అంటారు. పక్షానికి పదిహేనుమంది. మైదానం నిడివి 130 నుంచి 145 మీటర్లు. అనగా మనమెరిగిన సాకర్ మైదానం కంటె పెద్దది. బంతి గుండ్రనిదే గాని దానిని కాలితో తన్నవచ్చును, చేతితో పట్టవచ్చును, పిడికిలితో గుద్దవచ్చును. నేలమీది బంతిని నేరుగా చేతితో ఎత్తరాదు; ముందు కాలివేలితో లేపుకోవాలి. చేతబట్టి నాలుగడుగులకు మించి పరుగెత్తరాదు. ఆ తరువాత నేలకు కొట్టి పట్టుకోవాలి, లేదా పాదం మీద జారవిడిచి మళ్ళీ చేతికి తెచ్చుకోవాలి. నేలకు వరుసగా రెండుసార్లు కొట్టటం తప్పు. పరుగు ఆపకుండా ఈ పాదవిద్య నెరపటం చూడటానికి తేలిక, చేయటానికి ప్రాణాంతకం.

గోలు కంబాలు ఇంగ్లీషు హెచ్ అక్షరం ఆకారంలో ఉంటాయి. అడ్డుకమ్మి క్రింద వలలో బంతి పడితే గోలు. దాని విలువ మూడు పాయింట్లు. కమ్మి పైనుంచి, కంబాల నడుమగా పోతే ఒక పాయింటు. లెక్క వ్రాసే పద్ధతి కొంచెం వింత. 2-13 అని వ్రాసి ఉంటే రెండు గోల్సు, పదమూడు పాయింట్లు. మొత్తం పందొమ్మిది అని అర్థం. ఈ కథలో ముందుముందు వచ్చే అంకెలను పాఠకులు ఈ లెక్కన చదువుకోవాలి.

ఆటకు మించిన సంగతి ఒకటి ఈ ఆట వెనుక ఉన్నది. 1884 నవంబరు 1వ తేదీన థర్లెస్ పట్టణంలో ఒక హోటలు గదిలో గుప్పెడుమంది సమావేశమై గేలిక్ ఎథ్లెటిక్ అసోసియేషన్ అనే సంఘాన్ని స్థాపించారు. వారిలో ముఖ్యుడు మైఖేల్ క్యూసక్ అనే బడిపంతులు. మొదటి అధ్యక్షుడు మారిస్ డేవిన్ అనే పేరుమోసిన వ్యాయామవీరుడు. ఇంగ్లండు ఆటలు, ఇంగ్లండు నియమాలు పల్లెపల్లెకూ ప్రాకి దేశీయమైన ఆటలు అంతరిస్తున్నవని వారి చింత. భాష పోయినది, భూమి పోయినది, కనీసం ఆటనైనా నిలుపుకొందామన్నది వారి సంకల్పం. ఆ సంఘం కొద్ది ఏండ్లలోనే చర్చి పారిష్‌ను పునాదిగా చేసుకొని దేశమంతటా అల్లుకొన్నది. పారిష్‌కొక క్లబ్బు, కౌంటీకొక జట్టు, రాష్ట్రానికొక పోటీ. ఏ పారిష్‌లో పుట్టినవాడు ఆ పారిష్‌కే ఆడాలి. డబ్బు పెట్టి ఆటగాళ్ళను కొనటం లేదు, అమ్మటం లేదు. ఎనభై వేలమంది ఎదుట కౌంటీకి ఆడినవాడు కూడా మరునాడు ప్రొద్దున తన బడికో, కొట్టుకో, పొలానికో పోవలసినవాడే. ఆట కోసం అయ్యే ఖర్చులు ఇస్తారేమో గాని జీతమంటూ లేదు. ఈ నియమం నేటికీ నిలిచి ఉన్నది.

ఇటువంటి సంఘం రాజకీయాలకు దూరంగా ఉండటం సాధ్యమా? 1920 నవంబరు 21వ తేదీన డబ్లిన్ నగరంలోని క్రోక్ పార్కులో ఆట జరుగుతూ ఉండగా బ్రిటిషు బలగాలు చొరబడి కాల్పులు జరిపాయి. పధ్నాలుగుమంది చనిపోయారు. వారిలో ఒకడు టిప్పరరీ జట్టు ఆటగాడు మైఖేల్ హోగన్. నేడు క్రోక్ పార్కులో కప్పు అందుకొనే వేదిక ఉన్న పెద్ద కట్టడానికి అతని పేరే పెట్టారు. ఆ సంక్షోభకాలానికి తెలుగువారితో ఒక చిన్న సంబంధం కలదు. తరువాత భారత రాష్ట్రపతి అయిన వరాహగిరి వేంకటగిరి గారు 1913 నుంచి 1916 వరకు డబ్లిన్‌లో న్యాయశాస్త్రం చదివారు. ఐరిష్ జాతీయవాదులతో చెలిమి చేసి, 1916 తిరుగుబాటు అనంతరం ఆ దేశం విడిచి రావలసివచ్చినది. ఆయన చూచిన ఐర్లండు ఈ ఆటలతో, ఈ ఆవేశంతో ఉడుకెత్తుతున్న ఐర్లండే.

క్రాస్‌మగ్లెన్ క్లబ్బు పుట్టినది 1887లో. మాతృసంఘానికి మూడేళ్ళు నిండేసరికే. నలుపు, బంగారు పసుపు ఆ జట్టు రంగులు. ఆ నేల కవులకు కూడా పుట్టిల్లు. ఊరికి దగ్గరలోని క్రెగన్ శ్మశానంలో 18వ శతాబ్దపు గేలిక్ కవి ఆర్ట్ మకూయీ సమాధి ఉన్నది. పేదరైతు కూలిగా బ్రతికి, ముప్పై అయిదేళ్ళకే కన్నుమూసినవాడు. ఆయన కవితలను 1973లో సంపుటిగా పరిష్కరించి ప్రకటించినది టొమాస్ ఓ ఫీ అనే పండితుడు. తరువాత ఆర్మా ఆర్చిబిషప్పు, కార్డినలు అయ్యారు. ఊరి చదుకానికి నేడు ఆయన పేరే. ఒక ఫుట్‌బాల్ క్లబ్బు కథలో కవుల ప్రసక్తి ఎందుకని ఎవరైనా అడగవచ్చును. ఆ ప్రాంతంవారు మాత్రం కవిని, ఆటగాణ్ణి వేరుచేసి చూడరు. ఇద్దరూ ఊరి పేరును ఊరి బయటికి మోసుకొనిపోయేవారే గదా.

1921లో ఐర్లండు రెండుగా చీలినది. ఆరు కౌంటీలు బ్రిటను క్రింద ఉండిపోయినవి. వాటిలో ఆర్మా ఒకటి. క్రాస్‌మగ్లెన్ వంటి ఊళ్ళు దాదాపు అంతా కాథలిక్కులు, జాతీయవాదులు; వారి సంతలు, చుట్టరికాలు అన్నీ గీతకు ఆవల. సరిహద్దును సవరించటానికి ఒక కమిషను కూర్చున్నది. దక్షిణ ఆర్మాను గీతకు ఆవలనున్న ఐరిష్ రాజ్యంలో చేర్చవలెనని ఆ కమిషను 1925లో సిఫారసు చేసినది. కాని ఆ నివేదిక బయటికి పొక్కగానే గందరగోళం లేచి, ప్రభుత్వాలన్నీ కలిసి దానిని బీరువాలో పెట్టి తాళం వేశాయి. 1969 వరకు అది అచ్చు మొహం చూడలేదు. అనగా, ఒక కాగితం మీద క్రాస్‌మగ్లెన్ ఆవలి దేశానికి చెందినది. ఆ కాగితం ఎన్నడూ అమలు కాలేదు. తరువాతి యాభై ఏళ్ళ దుఃఖానికి ఎంతో కొంత మూలం అక్కడ ఉన్నదని నా అభిప్రాయం.

గేలిక్ సంఘం మాత్రం ఆ గీతను గుర్తించలేదు. దాని లెక్కలో ఐర్లండు ముప్పై రెండు కౌంటీలే. ఉత్తర రాష్ట్రమైన అల్‌స్టర్ పోటీలలో బ్రిటను క్రింది ఆరు కౌంటీలు, ఆవలి మూడు కౌంటీలు కలిసే ఆడతాయి. వారమంతా సరిహద్దు చౌకీలలో నిలబడి సంచులు విప్పి చూపించేవాడు ఆదివారంనాడు ఆ గీత లేని దేశంలో ఆడుకొనేవాడు.

1960 దశకం చివర ఉత్తర ఐర్లండులో అల్లర్లు రాజుకొన్నవి. క్రాస్‌మగ్లెన్ ఠాణాకు బ్రిటిషు పటాలం వచ్చి చేరినది. 1970 దశకం తొలి ఏండ్లలోనే ఠాణా చాలక, దానిని ఆనుకొని ఉన్న క్లబ్బు నేలలో కొంత భాగాన్ని సైన్యం తన వశం చేసుకొన్నది. ఆ మైదానం పేరు సెయింట్ ఆలివర్ ప్లంకెట్ పార్కు. ఆ ప్లంకెట్ ఎవరనుకొన్నారు? 17వ శతాబ్దంలో ఆర్మా ఆర్చిబిషప్పు. రాజద్రోహం మోపి 1681లో లండన్‌లో ఉరికంబం ఎక్కించిన మనిషి. రోములో ఆయనను పునీతునిగా ప్రకటించిన 1975వ సంవత్సరంలో ఆయన పేరిటి మైదానం ప్రక్కన ఇనుపరేకుల గోడలు, ముళ్ళతీగలు, కాపలా బురుజులు లేచి ఉన్నవి. చరిత్ర ఒక్కొక్కప్పుడు కథకుల కంటె మోటుగా వ్యంగ్యం వ్రాస్తుంది.

ఆ కాలంలో దక్షిణ ఆర్మా అంటే బ్రిటిషు సైనికులకు సింహస్వప్నం. ఐ.ఆర్.ఏ. దళాలు దారుల క్రింద మందుపాతరలు పెట్టేవి. రాతికంచెల వెనుక, పొదల మాటున పొంచి కాల్చేవి. ఆ ఒక్క ప్రాంతంలోనే నూరుమందికి పైగా సైనికులు ప్రాణాలు పోగొట్టుకొన్నారు. పోలీసులు, సామాన్యులు కూడా చచ్చిపోయారు. ఒక బ్రిటిషు మంత్రి ఆ సీమను బందిపోట్ల దేశమన్నాడు. ఆ మాట పత్రికలకు నచ్చి, అక్కడి ప్రజలకు మచ్చయై నిలిచినది. రోడ్డుమీద సైనిక వాహనం కదలలేని పరిస్థితి ఏర్పడగా తిండి, మందుగుండు, ఉత్తరాలు, చివరకు శిబిరంలోని చెత్తతో సహా సమస్తమూ హెలికాప్టర్ల మీదనే రాకపోకలు సాగించినది. ఆ హెలికాప్టర్లు వచ్చి వాలే చోటు మైదానానికి ఆనుకొనే ఉన్నది.

ఆట నడుస్తూ ఉండగా నెత్తిమీద హెలికాప్టరు గర్జించుకొంటూ దిగుతుంది. ఆ గాలికి పైకి తన్నిన బంతి ఎటుపోతుందో తెలియదు. రిఫరీ ఈల వినబడదు. ఆట ఆగిపోతుంది. గోడకవతల పడిన బంతి తిరిగి రావటం గగనమని, వచ్చినా చీలికతో వచ్చేదని ఊరివారు చెప్పుకొంటారు. మైదానానికి పోయే దారి శిబిరం ప్రక్కనుంచే గనుక ఆటగాళ్ళను, చూడవచ్చినవారిని నిలబెట్టి సోదా చేయటం మామూలు. ఈ వ్యవహారం లండన్ పార్లమెంటు వరకు, డబ్లిన్ పార్లమెంటు వరకు పోయినది. ప్రశ్నలు వేశారు, జవాబులు చెప్పారు. సైన్యం కదలలేదు.

ఇక్కడ ఒక సందేహం కలుగుతుంది. మైదానం మార్చుకొంటే పోయేది గదా? ఊరి బయట ఎకరాలు లేకనా? కాని క్లబ్బు కదలలేదు. పోటీలు అక్కడనే, పిల్లల శిక్షణ అక్కడనే. పోతే తిరిగి రానివ్వరన్నది ఒక భయం. తాత కొట్టిన గోలు జ్ఞాపకం మనవడికి ఆ చోటనే చెప్పగలమన్న మమకారం మరొకటి కావచ్చును. పాతికేళ్ళలో ఒక తరం మొత్తం బురుజు నీడలోనే బంతి పట్టటం నేర్చుకొన్నది.

గేలిక్ సంఘం కూడా ఈ చిక్కులో నిర్దోషిగా నిలబడిందని అనలేము. బ్రిటిషు సైనికులకు, ఉత్తర ఐర్లండు పోలీసులకు సంఘంలో సభ్యత్వం లేదని చెప్పే 21వ నిబంధన ఒకటి దాని నియమావళిలో ఉండేది. అది 19వ శతాబ్దపు చివరినాటి అనుమానాల నుంచి పుట్టిన నియమం. ఇంగ్లీషు ఆటలు ఆడరాదన్న నిషేధాన్ని 1971లోనే ఎత్తివేశారు గాని దీనిని మాత్రం ఉంచారు. ఎత్తివేయమని ఎవరైనా ప్రతిపాదించినప్పుడల్లా క్రాస్‌మగ్లెన్ మైదానం గురించిన ప్రస్తావన వచ్చేది. మన నేలమీద వారు కూర్చుండగా వారికి మన తలుపులు తెరవటమా అని సభ్యులు అడిగేవారు. అడగటంలో న్యాయం ఉన్నది. అయినా ఆ నిబంధన వల్ల పోలీసు ఉద్యోగంలో చేరదలచిన కాథలిక్కు యువకుడు తన ఊరి జట్టును వదులుకోవలసివచ్చేది. దానితో పోలీసుదళంలో ఎక్కువగా ఒక మతంవారే మిగిలారు. మిగిలినారు గనుక అనుమానం ఇంకా పెరిగినది. ఈ విషవలయానికి తొలిముడి ఎవరు వేశారని వాదించుకొంటూ కూర్చుంటే తెల్లవారదు.

ఇంత గొడవలో ఆట ఎట్లా ఉన్నది? చెప్పుకోదగినంతగా లేదు. 1960లలో క్రాస్‌మగ్లెన్ రేంజర్లు ఆర్మా కౌంటీలో ఏలినవారే. కాని 1986లో కౌంటీ కప్పు గెలిచిన తరువాత పదేళ్ళు వట్టివే. క్లబ్బుల అఖిల ఐర్లండు పోటీ 1970-71లో ఆరంభమైనా అందులో వారి పేరు వినబడలేదు. ఆ దశలో శిక్షణ చేపట్టినవాడు జో కెర్నన్. ఆ ఊరి బిడ్డే. 1977లో ఆర్మా కౌంటీ జట్టు అఖిల ఐర్లండు ఫైనలులో డబ్లిన్ చేతిలో చిత్తుగా ఓడినప్పుడు రెండు గోల్సు కొట్టి కూడా కన్నీళ్ళతో ఇంటికి వచ్చినవాడు. ఓడిన జట్టుకు ఇచ్చిన జ్ఞాపిక ఒకటి అతని ఇంట పడి ఉన్నది. ఆ జ్ఞాపిక సంగతి మళ్ళీ వస్తుంది.

1996లో కౌంటీ కప్పు వచ్చినది. వెంబడే అల్‌స్టర్ కప్పు వచ్చినది. 1997 మార్చి 17వ తేదీన, పునీత పాట్రిక్ పండుగనాడు, డబ్లిన్‌లోని క్రోక్ పార్కులో మేయో కౌంటీకి చెందిన నాక్‌మోర్ జట్టును 2-13, 0-11 తేడాతో ఓడించి రేంజర్లు అఖిల ఐర్లండు విజేతలైనారు. ఆ రోజులెటువంటివో గుర్తుంచుకోవాలి. ఫైనలుకు అయిదు వారాల ముందు, ఫిబ్రవరి 12న, ఆ దక్షిణ ఆర్మాలోనే బెస్‌బ్రూక్ చౌకీ వద్ద 23 ఏండ్ల బ్రిటిషు సైనికుణ్ణి చాటునుంచి కాల్చి చంపారు. ఫైనలు అయిన రెండు నెలలకు, మే 12న, కవి షేమస్ హీనీ సమాధి ఉన్న బెలాహీ గ్రామంలో గేలిక్ క్లబ్బు అధ్యక్షుడు షాన్ బ్రౌన్ రాత్రి క్లబ్బు గేటుకు తాళం వేస్తూ ఉండగా ప్రొటెస్టంటు సాయుధులు ఎత్తుకొనిపోయి హత్య చేశారు. ఈ రెండు చావుల నడుమ ఒక ఊరు కప్పు ఎత్తుకొని ఊరేగినది. కప్పు తెచ్చిన కుర్రవాళ్ళు తిరిగి సాధనకు పోయినది సైన్యం ఇంకా దిగి ఉన్న మైదానానికే.

1998 ఏప్రిల్ 10న శాంతి ఒప్పందం కుదిరినది. 1999లో రేంజర్లు బలినా స్టీఫెనైట్స్ జట్టు మీద ఒకే ఒక్క పాయింటు తేడాతో, 0-9, 0-8 గా గెలిచారు. 2000లో డబ్లిన్ నగరపు నా ఫియన్నా జట్టును 1-14, 0-12 తో ఓడించి వరుసగా రెండవసారి కప్పు నిలుపుకొన్నారు. ఆ జట్టులో ఎవరెవరున్నారు? కవలలైన జాన్, టోనీ మకెంటీలు. వెనుక కోటగోడవలె నిలిచే ఫ్రాన్సీ బెల్యూ. ఎడమ ప్రక్కనుంచి, కుడి ప్రక్కనుంచి కంబాల నడుమకు గురిచూచి వేసే ఒషీన్ మకాన్విల్. ఒప్పందం తరువాత సైన్యం క్లబ్బు నేలను విడిచిపెట్టినది. చదుకంలోని కాపలాబురుజును 2000లో పడగొట్టారు.

జో కెర్నన్ ఊరి జట్టును వదలి కౌంటీ జట్టు పగ్గాలు చేపట్టాడు. ఆర్మా కౌంటీ అంతవరకు ఒక్కసారి కూడా అఖిల ఐర్లండు కప్పు గెలిచి ఎరుగదు. 1953 ఫైనలులో 86 వేలమంది ఎదుట కెర్రీ కౌంటీ మీద పెనాల్టీ తప్పిపోయి ఓడిన దుఃఖం ముసలివారి నోట ఇంకా ఆరలేదు. 2002లో మళ్ళీ ఫైనలు, మళ్ళీ కెర్రీ. మొదటి సగంలో మళ్ళీ పెనాల్టీ తప్పిపోయినది. ఈసారి తప్పినవాడు ఒషీన్ మకాన్విల్. సగం ఆట ముగిసేసరికి ఆర్మా నాలుగు పాయింట్లు వెనుకబడి ఉన్నది. విశ్రాంతి గదిలో కెర్నన్ తన 1977 నాటి ఓటమి జ్ఞాపికను బయటికి తీసి, అందరూ చూస్తూ ఉండగా గోడకేసి కొట్టాడు. ఇరవై అయిదేళ్ళుగా ఇంట దాచుకొన్నది ముక్కలై నేలరాలినది. తరువాత బరిలో దిగిన ఆర్మాకు గోలు కొట్టినవాడు ఆ పెనాల్టీ తప్పిన ఒషీనే. లెక్క 1-12, 0-14. కూడితే పదిహేను, పధ్నాలుగు. ఒక్క పాయింటు. కప్పు అందుకొన్న నాయకుడు కీరన్ మగీనీ దగ్గరలోని ములాబాన్ ఊరివాడు. ఆడినవారిలో క్రాస్‌మగ్లెన్ వారు నలుగురు.

ఒషీన్ గురించి ఇంకొక్క మాట. గోలు కొట్టిన ఆ వీరుడు ఆ ఏండ్లలోనే జూదానికి బానిసై అప్పులలో మునిగి ఉన్నాడు. 2007లో తన ఆత్మకథలో ఆ సంగతి దాచకుండా చెప్పుకొన్నాడు. తరువాత అటువంటి వ్యసనాలలో చిక్కినవారికి సలహాదారుగా పనిచేశాడు. ఊళ్ళో వీరపూజ అందుకొంటున్నవాడు పూజ చేసేవారి ఎదుట నిలబడి నా బ్రతుకు ఇది అని చెప్పటానికి పెనాల్టీ వేయటం కంటె ఎక్కువ గుండె కావాలి.

21వ నిబంధనను 2001 నవంబరులో ప్రత్యేక మహాసభ రద్దు చేసినది. బ్రిటను క్రింది ఆరు కౌంటీలలో రద్దుకు ఒప్పుకొన్నది డౌన్ ఒక్కటే. ఆర్మా ఒప్పుకోలేదు. మైదానం చేతికి వచ్చిన తరువాత కూడా ఎందుకు ఒప్పుకోలేదని బయటివారు విసుక్కొన్నారు. ఒక్క తీర్మానంతో మరచిపోగలిగినవి కావు ఆ పాతికేళ్ళు. అయినా మరుసటి ఏడే కొత్త పోలీసుదళం వారు గేలిక్ జట్టు కట్టుకొని ఆడారు. 

2007వ సంవత్సరం మీద కొంచెం నిలవాలి. ఆ ఏడు ఫిబ్రవరి 24న, 1920లో రక్తం చిందిన క్రోక్ పార్కులోనే ఇంగ్లండు రగ్బీ జట్టు దిగగా, ఇంగ్లండు జాతీయగీతం వినిపించగా ఐరిష్ జనం లేచి మర్యాదగా నిలబడ్డారు. ఐర్లండు 43-13 తో గెలిచినది కూడా. మూడు వారాలకు, పాట్రిక్ పండుగనాడు, అదే క్రోక్ పార్కులో రేంజర్లు కిల్లార్నీకి చెందిన డాక్టర్ క్రోక్స్ జట్టుతో తలపడి సమఉజ్జీలుగా ముగించి, రెండవసారి ఆడి గెలిచారు. అది నాలుగవ కప్పు. ఆ ఏడే క్రాస్‌మగ్లెన్ సైనిక శిబిరం మూతబడినది. జూలై 31న ఉత్తర ఐర్లండులో బ్రిటిషు సైన్యపు చర్య అధికారికంగా ముగిసినది. హెలికాప్టర్ల రొద లేని వేసవి ఎట్లా ఉంటుందో ఆ ఊరి ముప్పై ఏళ్ళవారికి అదే తొలి అనుభవం.

శత్రువు పోతే పౌరుషం పోతుందని కొందరు జోస్యం చెప్పారు. ఆ జట్టుకు బలమంతా గోడ ప్రక్కన సైనికుడున్నాడన్న కసి నుంచే వచ్చిందని వారి సిద్ధాంతం. నాకిది నమ్మశక్యంగా లేదు. సైన్యం ఉన్న కాలంలోనే, 1987 నుంచి 1995 వరకు, వారు ఒక్క కౌంటీ కప్పు కూడా గెలవలేదు. సైన్యం పోయిన తరువాత 2011లోను, 2012లోను వరుసగా అఖిల ఐర్లండు కప్పులు గెలిచారు. మొదటిది సెయింట్ బ్రిజిడ్స్ మీద, రెండవది గారీకాసల్ మీద. ఆ రెండింటికీ శిక్షకులు టోనీ మకెంటీ, గారెత్ ఓ నీల్. జో కెర్నన్ కుమారులు కూడా ఆ నలుపు పసుపు చొక్కాలే తొడిగారు. కసి కంటె, తండ్రి ఆడిన చోట కొడుకు ఆడటమన్న అలవాటే ఎక్కువ పనిచేసిందని చెప్పటం న్యాయం.

మరొక లెక్క చూడండి. 1996 నుంచి 2008 వరకు వరుసగా పదమూడేళ్ళు ఆర్మా కౌంటీ కప్పు రేంజర్లదే. 2009లో ఆర్మా నగరపు పియర్స్ ఓగ్ జట్టు ఆ పరంపరకు గండి కొట్టినది. అదే ఏడు మార్చిలో అఖిల ఐర్లండు ఫైనలులో డబ్లిన్ వారైన కిల్మాకుడ్ క్రోక్స్ చేతిలో కూడా ఓడారు. మళ్ళీ 2010లో లేచారు. అల్‌స్టర్ రాష్ట్రపు క్లబ్బు కప్పులు 2015 నాటికి పదకొండు. అఖిల ఐర్లండు కప్పులలో వారిని మించినది కార్క్ నగరపు నీమో రేంజర్స్ ఒక్కటే. వారికి ఏడు, వీరికి ఆరు. నీమో పెద్ద నగరంలో క్లబ్బు. వీరిది పదహారు వందల ఊరు.

2015 తరువాత రాష్ట్రస్థాయిలో ఆ వైభవం మళ్ళీ కనబడలేదు. డౌన్, డెరీ కౌంటీల క్లబ్బులు పైకి వచ్చాయి. చిన్న ఊరు గనుక ఒకే కాలంలో పదిమంది మేటి ఆటగాళ్ళు పుట్టటం తరానికొకసారి జరిగే సంగతి. డబ్లినుకో ఆస్ట్రేలియాకో ఉద్యోగాలకు పోయేవారు పోతూనే ఉంటారు. అయినా 2024 జూలై 28న ఆర్మా కౌంటీ రెండవసారి అఖిల ఐర్లండు కప్పు గెలిచినప్పుడు, గాల్వే మీద 1-11, 0-13 తో ఒకే ఒక్క పాయింటు తేడాతో గెలిచినప్పుడు, ఆ జట్టులో క్రాస్‌మగ్లెన్ యువకుడు రియన్ ఓ నీల్ ఉన్నాడు. జట్టు శిక్షకుడు 2002 నాటి నాయకుడు కీరన్ మగీనీ. ఆర్మాకు మాత్రం ఒక్క పాయింటుతో తప్ప గెలవటం చేతకాదు కాబోలు.

2025 నుంచి ఆట నియమాలలో పెద్ద మార్పులే తెచ్చారు. గోలుకు 40 మీటర్ల దూరాన విల్లువంటి గీత ఒకటి గీసి, దాని బయటినుంచి కొట్టి కమ్మి మీదుగా పంపిన బంతికి రెండు పాయింట్లు ఇస్తున్నారు. దూరపు గురి కలవారికి ఇది వరమని కొందరు, ఆట స్వరూపమే మారిపోయిందని కొందరు వాదించుకొంటున్నారు. ఒకప్పుడు సైన్యం కంచెలు పాతిన మైదానం మీద ఇప్పుడు క్రాస్‌మగ్లెన్ కుర్రవాళ్ళు ఆ కొత్త గీతకు ఆవల నిలబడి గురి చూచుకొంటున్నారు.